తమ్ముడి ఫ్యాక్టరీ ఫోటోలు

పట్టపగలు అమ్మాయి ఆఫీసు నుంచి ఫోన్ చేసిందంటే నా కళ్ళకి ముందు కనబడేది ఆసుపత్రి మంచమే. ఆ రోజు కూడా అది "అమ్మా" అనగానే, "ఎక్కడ పడ్డావే, ఎముకేమైనా విరిగిందా" అని అడిగేశాను.

"పడలేదమ్మా. చెయ్యి తుడుచుకుని కంప్యూటర్ ముందు కూర్చో."

"నేనెందుకే. నేను ముట్టుకుంటే అది పాడైపోతుంది."

"కూర్చోమ్మా. నా దగ్గర టైం లేదు."

మా ముందుగదిలో కిటికీ పక్కన ఉంటుంది ఆ కంప్యూటర్. దాని మీద పాత దిండు గలీబు కప్పి ఉంచుతాను. పదో తరగతితో ఆగిపోయిన చదువు నాది. ఇంగ్లీషు అక్షరాలు కూడబలుక్కుని చదవగలను. మా ఆయన బస్సు డిపోలో మెకానిక్కు. ఆయన సెలవు చీటీలు మెయిల్లో పంపడం అమ్మాయి నాకు నేర్పింది. అంతకు మించి ఆ యంత్రంతో నేను సావాసం చేసింది లేదు. మీట నొక్కితే షాక్ కొడుతుందని ఇప్పటికీ కాళ్ళకి రబ్బరు చెప్పులు వేసుకునే కూర్చుంటాను.

అమ్మాయి గబగబా చెప్పుకుపోయింది. అది ఆహార తనిఖీ ఆఫీసులో కొత్తగా చేరిన ఉద్యోగి. ఊళ్ళో పెద్దాసుపత్రి పిల్లల వార్డుకి బన్నులు, రొట్టెలు పంపే ఫ్యాక్టరీని ఈ మధ్యే తనిఖీ చేసింది. ఆ ఫ్యాక్టరీకి మేనేజరు నా సొంత తమ్ముడు. అది తన మేనమామ పనిచేసే చోటని అమ్మాయి ముందే పైవాళ్ళ చెవిన వేసింది. వాళ్ళు ఇంకో ఉద్యోగిని కూడా జతచేసి పంపారు. వచ్చే ఏడాది కూడా వార్డుకి ఆ ఫ్యాక్టరీ సరుకే రానివ్వాలా వద్దా అన్నది ఈ మధ్యాహ్నం మీటింగులో తేల్చేస్తారట.

"నా రిపోర్టు పక్కన పడేశారమ్మా. ఫ్యాక్టరీవాళ్ళు తెచ్చిన ఫోటోలు చూస్తున్నారు. అద్దంలా మెరిసే నేల, టోపీలు పెట్టుకున్న పనివాళ్ళు. నువ్వు రాసినదానికి సాక్ష్యం ఏదమ్మాయ్ అంటున్నారు. నా ఫోటోలు ఇంట్లో ఉండిపోయాయి."

"ఫోన్లో లేవూ?"

"ఫోన్ నిండిపోతే ఇంటి కంప్యూటర్లోకి మార్చేశాను. అన్నీ అదిమి అదిమి ఒక జిప్ ఫైలుగా కట్టి నిన్న ఆఫీసుకి పంపాను. మా ఆఫీసు మెయిల్ జిప్ ఫైళ్ళని గుమ్మంలోనే ఆపేస్తుందట. ఆ ముక్క నాకు ఇవాళ పొద్దున తెలిసింది. నువ్వు ఆ మూట విప్పి, ఫోటోలు విడివిడిగా పంపాలి."

"ఆపదూ మరి. లోపల ఏముందో తెలియని మూటని ఎవరు రానిస్తారు. అందులో పురుగేదైనా ఉండి మన కంప్యూటర్ని తినేస్తే?"

"కట్టింది నేనేనమ్మా."

తెర మీద పసుపుపచ్చ సంచి బొమ్మ, దానికి నిలువునా జిప్పు. కుడి మీట నొక్కమంది. నొక్కితే పొడుగాటి చిట్టా ఊడిపడింది. అందులో 'ఎక్స్‌ట్రాక్ట్ ఆల్' ఎక్కడుందో చూడమంది.

"ఉంది. కిందికి వస్తే డిలీట్ అని కూడా ఉందే. చెయ్యి జారితే?"

"జారదు. పైదాని మీద నొక్కు. ఇప్పుడు పాస్‌వర్డ్ అడుగుతుంది. నాయనమ్మ గురక."

"ఏమిటీ?"

"అదే పాస్‌వర్డ్. ఒక్కో అక్షరం చెప్తాను, నువ్వు కొట్టు."

కిటికీ అవతల వాలుకుర్చీలో కూర్చుని మా అత్తగారు పాలలో బన్ను ముంచుకుని తింటున్నారు. ఫోన్ గొంతు పెద్దగా పెట్టానేమో, ఆవిడ చెవులు నిక్కబొడుచుకున్నాయి.

"నా గురక పెట్టి తాళం వేసిందా అది?"

"దొంగలకి తట్టకూడదని నాయనమ్మా."

"మీ తాతయ్య ఉన్నప్పుడు వీధి చివరిదాకా వినబడుతుందనేవాడు. దొంగకి వినబడదూ."

అమ్మాయి ఆ హడావుడిలో కూడా నవ్వింది. నేను మాత్రం ఒక్కో అక్షరం నొక్కి, తెర వైపూ మీటల వైపూ బిక్కుబిక్కుమంటూ చూశాను. ఆకుపచ్చ గీత ఒకటి పాకుకుంటూ వెళ్ళింది. చివరికి చేరగానే జిప్పు లేని సంచి ఒకటి, మొదటిదాని పక్కనే వచ్చి కూర్చుంది.

"వచ్చిందమ్మా? అందులోవి మెయిల్‌కి తగిలించి నాకు పంపు. ఒకేసారి అన్నీ వెళ్ళవు, కొన్ని కొన్నిగా పంపు. ఫోటోలు తెరిచి చూడకు. సార్ పిలుస్తున్నారు." ఫోన్ పెట్టేసింది.

చూడకు అంటే ఊరుకునే మనిషిని కాదు నేను. అందులో తమ్ముడు ఏ బేడీలతోనో ఉన్నాడేమోనని నా భయం. ఒకటి తెరిచాను.

ప్లాస్టిక్ తొట్టి. అందులో తడిసి ముద్దయిన పిల్లి ఉందనుకున్నాను. కళ్ళద్దాలు పెట్టుకుని చూస్తే అవి రొట్టెలు. దుకాణాల్లో అమ్ముడుపోక తిరిగొచ్చినవి. ఆకుపచ్చగా, బూడిదరంగుగా బొచ్చు మొలిచి, నీళ్ళలో నాని, పైన జిగురు తెట్టె కట్టి ఉన్నాయి. తెట్టెలో బుడగలు. ఫోటో కింద అమ్మాయి పేరు పెట్టింది, 'పాత రొట్టెలు నానబెట్టిన తొట్టి' అని. ఆ పక్క ఫోటోకి 'అదే ముద్ద, కొత్త పిండిలో కలుపుతున్నప్పుడు'.

అక్కడితో మూసేయాల్సింది. అయినా ఆపలేకపోయాను. మైదా బస్తా. ఇందులో ఎండుద్రాక్ష ఎందుకు కలిపారా అనుకున్నాను. అది ఎండుద్రాక్ష కాదు. పిండి పిసికే బల్ల, దానికి మూరెడు దూరంలో తెరిచి ఉన్న పాయిఖానా తలుపు, తలుపుకి ఆనించాల్సిన తుడుపుకర్ర పిండి పక్కన పడుకుని ఉంది, దాని మురికినీళ్ళు కారి పిండిని తడిపేశాయి. క్రీము బకెట్టు మూత తిరగేసి తీసిన ఫోటో ఒకటి. మూత లోపలంతా బొద్దింక పిల్లలు, ఒకదాని మీద ఒకటి ఎక్కి, క్రీముకి అతుక్కుని. ఆ తర్వాతి ఫోటోలో అదే బకెట్టులో చూపుడువేలు ముంచి తీపి చూస్తున్న ఒక మగచెయ్యి. వేలికి పచ్చరాయి ఉంగరం. ఆ ఉంగరం మా నాన్నది. నాన్న పోయాక తమ్ముడు పెట్టుకున్నాడు.

అత్తగారి చేతిలో బన్ను ఇంకా సగం ఉంది.

"ఉమ్మెయ్యండి," అన్నాను లేచి వెళ్ళి, పళ్ళెం లాక్కుంటూ.

"ఎందుకే, మీ తమ్ముడు తెచ్చిందేగా."

"అందుకే."

ఆవిడ నమ్మలేదు. చేయి పట్టుకుని తెర ముందుకి తీసుకొచ్చి చూపించాను. కాసేపు మొహం దగ్గరగా పెట్టి చూశారు. తర్వాత పెరట్లోకి వెళ్ళి నోట్లో నీళ్ళు పోసుకుని పుక్కిలించారు. ఎంతసేపు పుక్కిలించారంటే ఆవిడకి ఊపిరాడదేమోనని నాకు బెంగ పుట్టింది. పోయిన నెలలో ఆవిడకి కడుపు చెడి మంచం పట్టినప్పుడు నేనే పాలలో ఆ బన్నులు మెత్తగా కలిపి చెంచాతో పెట్టాను. అరగడానికి తేలిక అని వాడే చెప్పాడు.

మెయిల్ తెరుద్దామని మళ్ళీ కూర్చున్నానో లేదో, వాకిట్లో బండి ఆగింది. తమ్ముడు. ఇస్త్రీ చొక్కా, చేతిలో రిబ్బను కట్టిన కేకు డబ్బా. చెప్పులు విప్పుతూనే నవ్వాడు.

"ఏంటక్కా, కంప్యూటర్ ముందు కూర్చున్నావ్, ఉద్యోగంలో గానీ చేరావా?"

"నువ్వు పనివేళలో ఇలా వచ్చావేంరా?"

"రాకూడదా? మా అక్క ఇంటికి." డబ్బా బల్ల మీద పెట్టాడు. "మేనకోడలు ఇంటికి ఫోన్ చేసిందట. అక్కడ మావాడొకడున్నాడులే. పంపేశావా?"

అబద్ధం ఆడటం నాకు చేతకాదు, భయం మొహం మీదే ఉంటుంది. "ఇంకా లేదు," అన్నాను.

"అమ్మయ్య." కుర్చీ లాక్కుని నా పక్కన కూర్చున్నాడు. "పంపకక్కా. అది చిన్నపిల్ల, ఉద్యోగం కొత్త, ఉత్సాహం. అది తీసింది పాడుబడ్డ వెనక గది. కడిగించేశాను. ఇప్పుడెళ్తే అక్కడ పడుకోవచ్చు."

"ఆ తొట్టి?"

"ఏ ఫ్యాక్టరీలో లేదు చెప్పు. కాల్చాక ఏ పురుగు బతుకుతుంది? రెండొందల డిగ్రీల వేడక్కా. ఆ వేడిలో నువ్వూ నేనూ కూడా శుభ్రమైపోతాం." తన మాటకి తనే నవ్వాడు.

"ఆసుపత్రి పిల్లలురా. నిలబడలేని పిల్లలు."

"వాళ్ళు పుచ్చుకునే మందుల ముందు మా బన్ను ఎంత." ఈ మాట వాడు నవ్వకుండానే అన్నాడు. అదే నాకు ఒంటి మీద జెర్రి పాకినట్టనిపించింది.

అత్తగారు చీర కొంగుతో మూతి తుడుచుకుంటూ వచ్చి, ఆ డబ్బా రిబ్బను విప్పారు. క్రీము కేకు. ముక్క కోసి పళ్ళెంలో పెట్టి వాడి ముందుకి జరిపారు. "ఎండలో వచ్చావు, తిను బాబూ."

"వద్దు అత్తయ్యగారూ, మీ కోసం తెచ్చాను."

"మా వంతు మేం తింటాంలే. ముందు నువ్వు తిను."

"ఇంట్లో ఇప్పుడే తిని వచ్చాను."

"పిల్లలకి పట్టుకెళ్ళు పోనీ. చిన్నదానికి క్రీమంటే ప్రాణం అన్నావుగా."

"అయ్యో, మా ఆవిడ మా ఫ్యాక్టరీ సరుకు గడప తొక్కనివ్వదండీ," అన్నాడు. అలవాటుగా, వాన పడేలా ఉందన్నట్టుగా అన్నాడు. అన్నాక కూడా ఏం అన్నాడో వాడికి తెలియలేదు. అత్తగారు నా వైపు చూశారు. నేను వాడి వేలికున్న ఉంగరం వైపు చూశాను.

ఇన్నేళ్ళుగా వారం వారం మా ఇంటికి బన్నుల సంచి వస్తోంది. అక్కంటే వాడికి ఎంత ప్రేమో అని నేను ఎదురింటావిడతో చెప్పుకుని మురిసిపోయేదాన్ని.

మొహం మీద నీళ్ళు చల్లుకోవాలనిపించింది. వంటింట్లోకి వెళ్ళాను. కుళాయి కింద చేతులు పెట్టి అలాగే ఉండిపోయాను. వాడితో ఏమనాలి, ఎలా అనాలి, వాడి ఉద్యోగం పోతే మరదలు నా గుమ్మం ముందు కూర్చుని ఏడుస్తుందేమో, వాడు ఏ అఘాయిత్యమో చేసుకుంటాడేమో. నా బుర్ర ఎప్పుడూ ఆ చివరిదాకా పోయే ఆగుతుంది. తిరిగొచ్చేసరికి వాడు నా కుర్చీలో కూర్చుని ఉన్నాడు. అత్తగారు వాకిట్లో నుంచుని, "వద్దంటున్నా వినడే, చూడవే," అంటున్నారు.

తెర మీద ఆ కొత్త సంచి లేదు.

"ఏం చేశావురా?"

"ఏముంది, చెరిపేశాను. చెత్తబుట్టలోంచి కూడా తీసేశాను. ఇంక ఎవరూ వెతకలేరు." జేబురుమాలుతో మౌసు తుడిచాడు, ఏదో అంటుకున్నట్టు. నిజానికి అంటుకున్నది వాడి చేతి నుంచి మౌసుకే. "ఈ జిప్పు బొమ్మేంటి?"

"అది విప్పితేనే అవి వచ్చాయి." అన్నాను.

"అయితే ఒట్టి తొక్కేగా. ఉండనీ." లేచి నా భుజం మీద చెయ్యి వేశాడు. "చూడు, ఎవరూ ఎవర్నీ తప్పు పట్టరు. నువ్వు విప్పబోతుంటే ఏదో నొక్కావని, మొత్తం పోయిందని చెప్పు. నీకు కంప్యూటర్ రాదని అందరికీ తెలిసిందేగా. దానికి కూడా తెలుసు. రెండు రోజులు మూతి ముడుచుకుంటుంది, తర్వాత అదే మర్చిపోతుంది."

"అంటే నేను పాడు చేశానని నా కూతురికి నేనే చెప్పాలా?"

"నీ కూతురికే కదక్కా. పైవాళ్ళకా."

వాడి చెయ్యి ఇంకా నా భుజం మీదే ఉంది. క్రీములో మునిగిన వేలు. నేను పక్కకి జరిగితే ఆ చెయ్యి కిందికి జారింది. వాడు అది పట్టించుకోలేదు. "మీటింగ్ అయ్యాక ఫోన్ చేస్తాను," అని చెప్పులు వేసుకుని వెళ్ళిపోయాడు.

బండి చప్పుడు దూరమయ్యాక మళ్ళీ నా కుర్చీలో కూర్చున్నాను. అమ్మాయి ఉద్యోగం పోయింది, అబద్ధం రాసిందని ముద్ర పడింది, ఇంక దాన్ని ఏ ఆఫీసూ గడప ఎక్కనివ్వదు. అన్నీ అయిపోయినట్టే నా కళ్ళకి కట్టాయి. అత్తగారు కేకు పళ్ళెం ఎత్తుకెళ్ళి చెత్త డబ్బాలో బోర్లించారు.

"ఆ మిగిలిన బొమ్మలో ఏమీ లేదంటావా?" అన్నారు వచ్చి.

"విప్పిన మూటలో ఏముంటుందండీ."

"చూస్తే నీ సొమ్మేం పోయింది."

చూసి కుమిలిపోవడం తప్ప ఏముందనుకుంటూ ఆ జిప్పు బొమ్మ మీద రెండుసార్లు నొక్కాను. ఒక జాబితా తెరుచుకుంది. 'పాత రొట్టెలు నానబెట్టిన తొట్టి'. 'అదే ముద్ద, కొత్త పిండిలో కలుపుతున్నప్పుడు'. 'బకెట్టు మూత'. అన్నీ వరసగా, కట్టినవి కట్టినట్టే ఉన్నాయి. మనం మూట విప్పితే బట్టలు బయటికొస్తాయి, గుడ్డ మిగులుతుంది. ఇది అలా కాదన్నమాట. లోపలివి లోపలే ఉంచుకుని, వాటిలాంటివి బయటికి పంపింది. విప్పిన నాకూ తెలియదు, చెరిపిన వాడికీ తెలియదు.

గుండె మీద బరువు దిగుతుందనుకున్నాను. దిగలేదు, ఇంకో వైపుకి మారింది. ఇందాకటిదాకా ఫోటోలు పోయాయి, నా చేతిలో ఏమీ లేదు. ఇప్పుడు ఉంది. ఈ బొమ్మని కూడా చెరిపేసి, పాడైపోయిందమ్మా అంటే చాలు. అమ్మాయి నమ్ముతుంది. నాకు రాదని దానికి తెలుసు. తమ్ముడి ఉద్యోగం నిలబడుతుంది, మరదలు ఏడవదు, అందరం మునుపటిలాగే ఉంటాం. చిన్నప్పుడు జ్వరమొస్తే నా పక్కలోనే పడుకుని నా జడ కొస పట్టుకుని నిద్రపోయేవాడు. ఆ పిల్లాడి మొహం నాకు బాగా గుర్తుంది.

దానితోపాటే ఆ మాటా గుర్తుంది, గడప తొక్కనివ్వదండీ అన్నది. తెలియక పంపడం వేరు. వాడి ఇంట్లో గడప దగ్గర ఆగిపోయేది, నా ఇంట్లో మా అత్తగారి నోటిదాకా వచ్చింది. అక్కడ వార్డులో నాలాంటి తల్లి ఎవరో, అది తింటే బిడ్డ ఒంట్లోకి కాస్త సత్తువ వస్తుందని, తినమని బతిమాలి పెడుతూ ఉంటుంది. బిడ్డ వద్దంటే ఊరుకోకుండా ఇంకో ముక్క పెడుతుంది. నేనైతే అలాగే పెడతాను. నా ఒళ్ళంతా గగుర్పొడిచింది. పాపమనిపించి కాదు. రోత పుట్టి.

కుడి మీట నొక్కాను. చిట్టా వచ్చింది. ఈసారి డిలీట్ వైపు చూడలేదు.

"అత్తయ్యా, తలుపు గొళ్ళెం పెట్టండి."

"పెట్టాను. మళ్ళీ వాడొస్తే?"

"రానీండి. తియ్యకండి."

పాస్‌వర్డ్ అడిగింది. అమ్మాయి చెప్పిన అక్షరాలు ఒక్కొక్కటీ గుర్తు చేసుకుంటూ కొట్టాను. తప్పని వచ్చింది. అత్తగారు పక్కనే నుంచుని, "నాయనమ్మకి రెండు మాలు కొట్టావా?" అన్నారు. ఆవిడకి ఇంగ్లీషు అక్షరం ముక్క రాదు, నేను పలికేది వినే అడిగారు. ఒకటే కొట్టాను. రెండోది చేర్చాను. ఆకుపచ్చ గీత కదిలింది.

కొన్ని కొన్నిగా తగిలించి పంపాను. వెళ్ళిందో లేదోనని ప్రతిసారీ 'పంపినవి' తెరిచి చూసుకున్నాను. ఒక విడత వెళ్తూ వెళ్తూ మధ్యలో ఆగిపోయింది. కరెంటు పోతుందేమో, నెట్టు పోతుందేమో, తమ్ముడు స్తంభం ఎక్కి తీగ కోసేశాడేమోనని కూడా అనుకున్నాను. కాసేపటికి అదే వెళ్ళిపోయింది. చివరి విడతలో ఉంగరం ఉన్న ఫోటో ఉంది. దాన్ని తగిలించడానికి మాత్రం చెయ్యి ఆడలేదు. మొహం లేదుగా, వదిలేస్తే ఏం పోతుంది అనుకున్నాను. అది లేకపోతే, ఆ బకెట్టు పారబోయడానికి పక్కన పెట్టిందని వాళ్ళు అంటారని కూడా అనిపించింది. తగిలించాను.

మధ్యాహ్నం అమ్మాయి నుంచి ఒకే ఒక్క మాట వచ్చింది. 'వచ్చాయి.'

నేనూ అత్తగారూ అన్నాల ముందు కూర్చున్నాం గానీ ముద్ద ఎవరికీ దిగలేదు. తెల్లగా, మెత్తగా ఉన్నదేదీ చూడబుద్ధి కాలేదు. పళ్ళేలు తీసేస్తుండగా తమ్ముడి ఫోన్ మోగింది. ఎత్తకుండా ఉంటే ఇంటికే వస్తాడని ఎత్తాను.

"అక్కా, సరుకు ఆపేశారు. ఫోటోలు అక్కడికెలా వెళ్ళాయి?" వాడి గొంతులో కోపం కన్నా ఆశ్చర్యమే ఎక్కువగా ఉంది. "నేను చెరిపేశానుగా. వేరే ఎవరి దగ్గరైనా ఉన్నాయా?"

"నా దగ్గరే ఉన్నాయి. నేనే పంపాను."

"నీకు చేతకాదు."

"మళ్ళీ విప్పాను."

వాడి వెనక ఎవరో అరుస్తున్నారు, ట్రేలు కిందపడుతున్న చప్పుడు. "నన్ను ఇవాళే పొమ్మంటున్నారు," అన్నాడు. "సొంత తమ్ముణ్ణి. నీకు ఎలా మనసొప్పింది?"

నాకు ఏడుపు వచ్చింది. వాడికి వినబడకూడదని మింగేశాను.

"నువ్వు ఆ కేకు ఒక్క ముక్క తినుంటే ఒప్పేది కాదురా," అన్నాను.